తెడ్డు రత్నమ్మ

మునిరాజు మామ పోయాడన్న కబురు వచ్చినప్పుడు నాకు ఏడుపు రాలేదు. పొయ్యి మీద పాలు పొంగకుండా చూసుకుంటూనే విన్నాను, సరే అన్నాను, ఫోను పెట్టేశాను. కోపం వచ్చింది కొన్నాళ్ల తర్వాత, ఆయన మనవడు కిరణ్ హోసూరు నుంచి ఫోను చేసినప్పుడు. మామ అంటే మా నాయన చెల్లెలు రత్నమ్మత్త భర్త. కిరణ్ వాళ్ల కొడుక్కి కొడుకు, హోసూరులో ఒక కంపెనీలో ఉద్యోగం చేస్తాడు. "పెద్దమ్మా, పెద్దకర్మ నాడు బాగలూరులో మైకు పెట్టిస్తా ఉండాము. నువ్వు తాత జోకుల గురించి మాట్లాడల్ల. నువ్వు రాసేదానివి కదా, బాగా చెప్తావు. జనాలు ఏడ్చేది వద్దు పెద్దమ్మా, నగుతా పంపించల్ల తాతను" అన్నాడు. వస్తానన్నాను. ఏం మాట్లాడతానో చెప్పలేదు. ఆ పూటంతా కృష్ణగిరిలో మా ఇంట్లో ఈ గదిలోంచి ఆ గదిలోకి తిరుగుతూ, గిన్నెలను అవసరానికి మించి చప్పుడు చేస్తూ కడుగుతూ గడిపాను. ఈ వయసులో ఇంత కోపం ఒంటికి మంచిది కాదని డాక్టరమ్మ అంటుంది. ఆమెకు తెలియదు, ఈ కోపం నాకు లంగా జాకెట్టు వేసుకునే రోజుల నుంచీ ఉంది.

అప్పుడు మేం బేరిగైలో ఉండేవాళ్లం. ముందు తిన్నె, లోపల పడసాల, వెనకవైపు విడిగా పట్టుపురుగుల ఇల్లు. మా ఇంట్లో మనుషులు ఎప్పుడు తినాలో ఎప్పుడు పడుకోవాలో పురుగులే చెప్పేవి. అవి జ్వరానికి పడుకుంటే, అంటే చర్మం వదిలే ముందు ఆకు మానేసి కదలకుండా ఉండిపోతే, మాకు కాస్త ఊపిరాడేది. లేచాయంటే ఇంటిల్లిపాదీ తోటలోనే. మల్బరీ ఆకు కోసి, తడి గోనెపట్టా కింద వాడిపోకుండా దాచి, తట్టల్లో పరిచేవాళ్లం. ఆఖరి జ్వరం నుంచి లేచిన పురుగులు ఆకు తింటుంటే ఆ గదిలో సన్నగా వాన పడుతున్నట్టు ఉండేది. పచ్చి ఆకు, సున్నం పొడి, పురుగుల పెంట కలిసిన ఆ వాసన బయటివాళ్లకు కడుపులో తిప్పుతుంది, నాకు మాత్రం ఆకలి పుట్టిస్తుంది. ఆ గదికి మా అవ్వ కాపలా. పొగాకు నమిలినవాళ్లు, తలకు వాసన నూనె రాసుకున్నవాళ్లు లోపలికి పోకూడదు. వంటింట్లో తిరగమోత వేసేటప్పుడు ఆ వైపు కిటికీ మూసేయాలి. కాళ్లు కడుక్కోకుండా గడప దాటితే మా తాతనైనా సరే కేకలేసి వెనక్కి పంపేది. ఊరికి పెద్దరికం చేసే మా తాత ఆ ఒక్క గడప దగ్గర మాత్రం మాట్లాడకుండా వెళ్లి కాళ్లు కడుక్కుని వచ్చేవాడు.

తాత నవ్వే మనిషి కాదు. అన్నం ముందు కూర్చున్నా, తిన్నె మీద కూర్చున్నా ముఖం ఒకటే. ఆయనను నవ్వించగలిగినవాడు మునిరాజు మామ ఒక్కడే. అందుకే మా ఇంట్లో మామకు అంత విలువ. బాగలూరు దగ్గర వాళ్లకు చామంతి తోటలు. మధ్యాహ్నం బస్సుకు వచ్చేవాడు, తువ్వాలులో పూలు మూటకట్టుకుని. ఆయన వీధి మలుపులో కనిపించగానే పక్కింటివాళ్లు కూడా మా తిన్నె మీదికి చేరేవారు. మా వైపు పెళ్లిళ్లలో ముహూర్తమయ్యాక పెళ్లికూతుర్నీ పెళ్లికొడుకునీ ఎదురెదురుగా కూర్చోబెట్టి పూలచెండ్లు ఆడిస్తారు. ఆ ఆటలో పక్కన నిలబడి నవ్వించడానికి వరస కలిసిన మగవాడు ఒకడుండాలి. చుట్టుపక్కల ఊళ్లలో ఎవరింట్లో పెళ్లయినా ఆ పనికి మామనే పిలిచేవారు. రాకపోతే అలిగేవారు కూడా.

ఆయన జోకులన్నిటిలో ఉండే మనిషి ఒక్కతే, మా అత్త. "మా ఇంట్లో ఆఖరి మాట నాదేప్పా. ఏం మాటంటారా? సరే రత్నా, అనే మాట" అనేవాడు. జనం విరగబడి నవ్వేవారు. అన్నిటికంటే పేరుపడ్డది తెడ్డు జోకు. రాగి సంగటి కెలికే పొడుగాటి తెడ్డుతో అత్త తనను ఎట్లా కొడుతుందో, తను మంచం కింద ఎట్లా దూరుతాడో, అక్కడ ముందే దూరి ఉన్న కుక్క తనకు చోటు ఎట్లా ఇస్తుందో, లేచి నిలబడి, తువ్వాలు నెత్తికి అడ్డం పెట్టుకుని చేసి చూపించేవాడు. నిజంగానే బాగా చేసేవాడు. అది ఒప్పుకోక తప్పదు. అత్త ఆ సమయానికి వంటింటి గడపలో నిలబడి ఉండేది. అందరూ ఆమె వైపు తిరిగి చూసేవారు. ఆమె పెదవులు మాత్రం కాస్త కదిపి, తల దించుకునేది. మొగుడు నలుగురిలో తన పేరెత్తితే ఆడది సిగ్గుపడటం అంటే అదేనని అందరూ అనుకునేవారు.

కొన్నాళ్లకు ఆమె పేరే మారిపోయింది. బేరిగై సంతలో గాజులమ్మే అతను "రావమ్మా తెడ్డు రత్నమ్మా, ఏం సైజు గాజులు, కొట్టేటప్పుడు పగలనివా?" అని పిలిచేవాడు. బస్సు కండక్టరు ఆమె ఎక్కితే "అందరూ ఎనక్కి జరగండి, తెడ్డొచ్చింది" అనేవాడు. బస్సంతా నవ్వు. ఆమె ఏదైనా ధర ఎక్కువని బేరం చేస్తే నవ్వు. వద్దంటే నవ్వు, కావాలంటే నవ్వు. ఎవరో పొలం గట్టు జరిపారని ఒకసారి తోట దగ్గర గట్టిగా అడిగిందట, ఆ జరిపినవాడే చేతులు తలకు అడ్డం పెట్టుకుని "అయ్యో కొట్టొద్దమ్మా" అన్నాడట, పనివాళ్లంతా నవ్వితే గట్టు అట్లాగే ఉండిపోయిందట. ఈ మాట అత్త మా అమ్మతో చెబుతుంటే నేను విన్నాను. మా అమ్మ కూడా నవ్వు ఆపుకోలేక కొంగు అడ్డం పెట్టుకుంది.

ఒకరోజు పొద్దున మొదటి బస్సుకే అత్త వచ్చింది. చేతిలో సంచి లేదు. కుడిచేతిని ఎడమచేత్తో పట్టుకుని, పైన కొంగు కప్పుకుని ఉంది. అవ్వ ఒక్క మాట అడగకుండా ఆమెను నేరుగా పురుగుల ఇంట్లోకి తీసుకెళ్లింది. మగవాళ్లు ఊరికే జొరబడని గది మా ఇంట్లో అదొక్కటే. నేను అప్పుడే ఆకు గంప తెచ్చి పట్టా కింద సర్దుతున్నాను. నన్ను పొమ్మనలేదు. కొంగు తీస్తే మణికట్టు వాచి, నల్లబడి, పక్కకు తిరిగి ఉంది. అవ్వ ఆముదపు ఆకులు వెచ్చచేసి కడుతుంటే అత్త పళ్లు బిగబట్టి, తట్టల వైపు చూస్తూ చెప్పింది. "ఇప్పుడు కొత్తగా కొట్టింది కాదు అమ్మా. పెండ్లయిన ఏడు నుంచి ఇదే. పెండ్లిలో అందర్నీ నగించి వచ్చినాక ఇంట్లో ఇంగా ఎక్కువ. నేను ఇంగ ఆడికి పోను. ఈడనే పురుగులు మేపుకుంటా ఉంటాను. ఇంత సంగటి పెడితే చాలు నాకు." అవ్వ ముడి వేస్తూ "ఉండు. యాడికీ పోవద్దు" అంది. ఆ రోజంతా అత్త ఎడమచేత్తోనే తట్టల్లో ఆకు పరిచింది. ఆమె ఆ ఇంట్లో ఉండిపోవాలి, అంతే. ఆమె అడిగింది అంతకంటే ఏమీ లేదు. పని చేస్తుంది, తింటుంది, దెబ్బలు తినకుండా పడుకుంటుంది.

మరునాడు మామ వచ్చాడు. వచ్చిన తీరు చెప్పాలి. నెత్తికి తువ్వాలు కట్టుకుని, ఒక కాలు ఈడుస్తూ, మా తిన్నె దగ్గరికి వచ్చేసరికి మూలుగుతూ వచ్చాడు. తాత పిలిపించిన పెద్దమనుషులు అప్పటికే కూర్చుని ఉన్నారు. అందులో ఒకాయన "ఏమప్పా మునిరాజూ, తలకేమైందప్పా?" అన్నాడు. అప్పుడే ఆయన పెదవుల మీద నవ్వుంది. మామ కూలబడి, "ఏం చెప్పేదన్నా. తెడ్డు ఇరిగిపోయింది. నా తల గట్టిది" అన్నాడు. తిన్నె మీద నవ్వులు పేలాయి. నవ్వు తగ్గాక అత్తను పిలిచారు. ఆమె పడసాల గుమ్మంలోకి వచ్చి, ఆముదపు ఆకులు కట్టిన చెయ్యి ముందుకు చాపింది. "నా చెయ్యి చూడండి నాయనా" అంది, తాత వైపే చూస్తూ. తాత చూశాడు. ఇంతలో ఇంకొకాయన "కొట్టి కొట్టి బెణికిందేమోమ్మా" అన్నాడు. ఈసారి తాత కూడా నవ్వాడు. నా కళ్లారా చూశాను. నవ్వడమే ఎరగనట్టుండే మనిషి, కూతురు విరిగిన చెయ్యి చాపి నిలబడి ఉంటే, పళ్లు కనపడేలా నవ్వాడు.

అవ్వ లోపలి నుంచి వచ్చింది. మగవాళ్ల పంచాయితీలోకి ఆమె రావడం అదే మొదలు. "ఏల నగతారు? బిడ్డ చెయ్యి ఇరిగింది కనపళ్లేదా మీకు? కండ్లు ఉండాయా?" అంది. ఒక్క క్షణం అందరూ సర్దుకున్నారు. మామ వెంటనే రెండు చేతులూ నెత్తికి అడ్డం పెట్టుకుని "అన్నా, ఇంగో తెడ్డొచ్చింది, నేను పరిగెత్తల్ల" అన్నాడు. ఇక పట్టపగ్గాల్లేవు. ఒకాయన కళ్లు తుడుచుకుంటున్నాడు. ఆ నవ్వులోనే తీర్పు కూడా అయిపోయింది. ఆలుమగలన్నాక ఇట్లాంటివి ఉంటాయట. అల్లుడు ఒక చీర కొనివ్వాలట. అమ్మాయి కాస్త చేతి దురుసు తగ్గించుకోవాలట. మా అమ్మ అందరికీ కాఫీ ఇచ్చింది. సాయంత్రం బస్సుకు అత్తను ఎక్కించారు. మామ ఆమె పక్కన కూర్చుని కిటికీలోంచి మాకు చెయ్యి ఊపాడు. తలకు కట్టిన తువ్వాలు అప్పటికి విప్పేసి మెడలో వేసుకున్నాడు, నెత్తి మీద గీత కూడా లేదు. అది అక్కడున్న ప్రతి ఒక్కరికీ కనిపించింది.

ఆ చెయ్యి వంకరగా అతుక్కుంది. ఆ చేత్తో మళ్లీ అత్త బిందె ఎత్తలేదు. దానికీ మామ జోకు కట్టాడు, తెడ్డు పట్టుకుని పట్టుకుని చెయ్యి వంకర పోయిందని. దానికీ నవ్వారు. అవ్వ మాత్రం ఆ తర్వాత మామ వచ్చిన ప్రతిసారీ పురుగుల ఇంట్లోకి పోయి తలుపేసుకునేది. ఆయన బస్సెక్కేదాకా బయటికి వచ్చేది కాదు. తాత దానికి కూడా "ముసలిదానికి నగేది చేతకాదు" అనేవాడు.

ఎన్నో ఏళ్లు నేను దీన్ని ఒక కొట్టే మొగుడి కథగానే తలచుకున్నాను. అది సగమే. కొట్టే మొగుళ్లు ఊరికి కొందరుంటారు, వాళ్లను జనం తిట్టుకోవడమూ ఉంటుంది. మామను ఎవరూ తిట్టుకోలేదు, ఎందుకంటే ఆయన కొట్టడానికి చాలా ముందే సాక్షుల్ని తయారు చేసి పెట్టుకున్నాడు. పెళ్లిలో నవ్విన ప్రతివాడూ, బస్సులో నవ్విన ప్రతివాడూ ఆయన సాక్షే. అత్త నోరు తెరిచేసరికి ఆమె చెప్పబోయేది వాళ్లకు ముందే తెలుసు, అది హాస్యమని కూడా తెలుసు. ఆమె గొంతు నొక్కాల్సిన పని లేకపోయింది. మాట్లాడనిచ్చారు, నవ్వారు, అయిపోయింది. నవ్వులాటకు అన్నదానికి ఇంత రాద్ధాంతం ఎందుకని నన్ను అడిగేవాళ్లకు నేను చెప్పేది ఇదే. మీకు అది నవ్వులాట. ఆ నవ్వుతో ఒక మనిషి మాటకున్న విలువను మీరు తీసేశారు, ఆ మాట ఆమెకు అవసరపడిన రోజు ఆమె దగ్గర ఇంకేమీ మిగల్లేదు.

అది ఆ కాలం, ఇప్పుడు మారిందని అంటారు. ఏం మారింది? నేను బళ్లో పాఠాలు చెప్పినన్నాళ్లూ స్టాఫ్ రూములో భార్యల మీద జోకులు విన్నాను. నవ్వని రోజున "టీచరమ్మకు ఇంట్లో గొడవేమో" అనేవారు. ఇప్పుడు ఫోనులో మా బంధువుల గ్రూపు ఉంది. పొద్దున లేస్తే దేవుడి బొమ్మ, దాని కింద భార్య నోటి మీద ఒక జోకు, ఆ కింద ఏడుస్తూ నవ్వే పసుపు ముఖాల వరస. అమెరికాలో తయారైందో అరవనాడులో తయారైందో తెలియదు, అచ్చం తిన్నె మీద విన్నదే. ఆడవాళ్లు కూడా ఆ పసుపు ముఖాలు పెడతారు. పెట్టకపోతే ఆ రోజు జోకు తమ మీదికి తిరుగుతుందని వాళ్లకు తెలుసు. మా అమ్మ కొంగు అడ్డం పెట్టుకున్నది కూడా అందుకేనని ఇప్పుడు నాకు అర్థమవుతోంది, అర్థమైనందువల్ల కోపం ఏమీ తగ్గడం లేదు. వెనకటికి ఒక పెళ్లిలోనో ఒక తిన్నె మీదో నవ్వించాలంటే మామ అంతటివాడు కావాలి. ఇప్పుడు ఆ చాకచక్యం కూడా అక్కర్లేదు, ఒక వేలు చాలు.

పెద్దకర్మ నాటికి బాగలూరు వెళ్లాను. ఇంటి ముందు షామియానా, మామ నవ్వుతున్న ఫొటోతో పెద్ద ఫ్లెక్సీ. ఒక అమ్మాయి నాకు మంచినీళ్లు తెచ్చిచ్చింది. కిరణ్ భార్య శ్రావణి. కర్నూలు వైపు పిల్ల, హోసూరుకు ఉద్యోగానికి వచ్చి కిరణ్‌ను చేసుకుంది. రత్నమ్మత్త ముందు వరసలో ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని ఉంది. నేను పక్కన కూర్చుంటే నా చెయ్యి ఎడమచేత్తో పట్టుకుంది.

కిరణ్ మైకు తీసుకున్నాడు. తాత జోకులు ఒకదాని తర్వాత ఒకటి చెప్పాడు. మంచం, కుక్క, తెడ్డు, అన్నీ. చేసి చూపించాడు కూడా, తాత కంటే బాగా. జనం నవ్వారు. "తాత నాకు ఇచ్చిన ఆస్తి ఒకటేప్పా, పెండ్లామంటే బయం" అని శ్రావణి వైపు చెయ్యి చూపించాడు. "రేపు నేను కట్టు కట్టుకోని ఆఫీసుకు పోతే మీరందరూ సాక్షులు." ఇంకా నవ్వారు. శ్రావణి నీళ్ల గ్లాసుల పళ్లెం పట్టుకుని నిలబడి, పెదవులు కాస్త కదిపి, తల దించుకుంది. తర్వాత వాడు మైకు తెచ్చి అత్త నోటి దగ్గర పెట్టాడు. "అవ్వా, ఇప్పుడన్నా నిజం చెప్పు. తాత మింద ఎన్ని తెడ్లు ఇరగ్గొట్టినావు?"

అత్త మైకు వైపు చూసింది. "నేను యాడ కొడితినప్పా" అంది, మామూలు గొంతుతో. "కొట్టింది ఆయప్ప. దినామూ కొడతా ఉండె."

ఆ రోజు మొత్తం మీద అంత పెద్ద నవ్వు ఇంకొకటి లేదు. వెనక వరసల్లో చప్పట్లు కూడా కొట్టారు. ఎవరో "భలే చెప్పినావవ్వా" అని అరిచారు. బతుకంతా మనసులో పెట్టుకున్న మాట, భర్త ఫొటో ముందు, మైకులో చెప్పింది ఆమె. దాన్ని కూడా మామ జోకుల్లో కలిపేసుకున్నారు. లేచి కిరణ్ చేతిలోంచి మైకు లాక్కున్నాను.

"నగొద్దండి" అన్నాను. "ఆమె జోకు చెప్పలేదు. మామ చెప్పిన జోకుల్లో దెబ్బలు నిజమే. కొట్టింది ఎవరో, తిన్నది ఎవరో, అది మాత్రం తారుమారు చేసి చెప్పినాడు. ఆ చెయ్యి ఇరిగిన రోజు నేను చూసినాను. తీర్పు చెప్పినోళ్లు నగినారు. ఇప్పుడు మీరు నగినారు." ఇంకా చాలా చెప్పాలనుకున్నాను. మైకు మూగబోయింది, ఎవరో తీగ లాగేశారు. కిరణ్ నాన్న, అంటే అత్త కొడుకు, నా ముఖం చూడకుండా "అన్నాలకు లేవండి" అని అరిచాడు. తెల్ల చొక్కా పెద్దాయన ఒకాయన నా పక్కగా పోతూ "సదువుకున్నదానివి, పోయినోళ్ల గురించి ఇట్ల మాట్లాడేదా?" అన్నాడు. కిరణ్ దగ్గరికి వచ్చి "ఏం పెద్దమ్మా, ఊరికే తమాషాకు అడిగితే ఇంత సీరియస్ చేస్తివి" అన్నాడు. వాడికి నిజంగానే అర్థం కాలేదు. అది చూస్తే ఇంకా భయమేసింది. ఆకులు వేశారు, జనం కూర్చున్నారు, కాసేపటికి ఏ వరసలోంచో మళ్లీ నవ్వులు వినిపించాయి.

నేను తినలేదు. అత్తను వెతుక్కుంటూ ఇంటి వెనకకు వెళ్లాను. తోటలోకి పోయే దారిలో, బట్టలుతికే బండ మీద ఒక్కతే కూర్చుని ఉంది. "తింటివా?" అని నన్నే అడిగింది. లేదన్నాను. "నువ్వు చెప్పినావు కదా. చాలు" అంది. చాలదని నాకు తెలుసు, ఆమెకూ తెలుసు. వెనక అడుగుల చప్పుడు వినిపించింది. శ్రావణి. చేతిలో పళ్లెం లేదు, ఏమీ లేదు. నన్ను చూసి ఆగింది, వెనక్కి పోబోయి మళ్లీ ఆగింది. తర్వాత నన్ను దాటుకుని అత్త ముందుకు వచ్చి నిలబడింది.

"అవ్వా" అంది. "ఆయన ఆఫీసులో కూడా అట్లాగే చెప్తాడు. అందరికీ. నేనే కొడతానని." అంతవరకే అనగలిగింది.

అత్త ఆ పిల్ల ముఖంలోకి చూసింది. బండ మీద ఒక పక్కకు జరిగింది.

"కూచోమ్మా" అంది. "చెప్పు. నేను నగను."